మైకేల్ లాన్స్‌డేల్ సినిమాలు: దేనితో మొదలుపెట్టాలి, దేన్ని ఆపుకోవాలి

పేరు చెబితే గుర్తుపట్టరు, మొహం చూపిస్తే ‘ఓ, ఈయనా!’ అంటారు. మైకేల్ లాన్స్‌డేల్ అలాంటి నటుడు. జేమ్స్ బాండ్ సినిమా ‘మూన్‌రేకర్’లో గడ్డంతో కనిపించి, ఒక మనిషిని చంపమని కాఫీ తెమ్మన్నంత మామూలుగా చెప్పే డ్రాక్స్ ఆయనే. ‘రోనిన్’లో తూటా దెబ్బ తిన్న రాబర్ట్ డి నీరోకి ఇంట్లో చోటిచ్చి, నలభై ఏడుగురు సమురాయ్‌ల కథ చెప్పే పెద్దాయనా ఆయనే. స్పీల్‌బర్గ్ ‘మ్యూనిక్’లో ఇంటి నిండా పిల్లాపాపలతో, వంటింట్లో చేతులు తడుపుకుంటూ హంతకుల సమాచారం అమ్ముకునే ‘పాపా’ కూడా ఆయనే. ఈ మూడూ చూసినవాళ్ళు బోలెడుమంది ఉంటారు. ముగ్గురూ ఒకే మనిషని గమనించినవాళ్ళు తక్కువ.

ఆయన 1931 మే 24న పారిస్‌లో పుట్టాడు. తండ్రి బ్రిటిష్ సైన్యంలో అధికారి, తల్లి ఫ్రెంచ్. చిన్నతనం గెర్న్‌జీ దీవిలో, లండన్‌లో గడిచింది. రెండో ప్రపంచయుద్ధం రోజులు మొరాకోలోని కాసాబ్లాంకాలో గడిచాయి. 1947లో పారిస్ తిరిగొచ్చి, తర్వాత టానియా బలాషోవా దగ్గర నటన నేర్చుకున్నాడు. ఫ్రెంచ్, ఇంగ్లీష్ రెండూ ఇంటి భాషలే కావడంతో అటు త్రుఫో, బున్యుయెల్, రివెట్, డ్యురాస్ లాంటి దర్శకుల సినిమాల్లోనూ, ఇటు హాలీవుడ్, బీబీసీ నిర్మాణాల్లోనూ అరవై ఏళ్ళ పాటు తిరగగలిగాడు. 2020 సెప్టెంబరు 21న పారిస్‌లోనే పోయాడు. సినిమాలు, టీవీ, నాటకాలు కలిపితే వందలు దాటతాయి. అన్నీ చూడాలనుకోవడం వృథా ప్రయాస. ఏవి చూడాలి, ఏ వరసలో చూడాలి అన్నదే ఇక్కడ మాట్లాడుకునేది.

ముందు ఒక చిన్న జాగ్రత్త. ఫ్రెంచ్ సినిమాల టైటిల్స్‌లో ఆయన పేరు చాలాచోట్ల ‘మిషెల్ లాన్స్‌డేల్’ అని పడుతుంది. ఇంగ్లీష్ సినిమాల్లో ‘మైకేల్’. ఓటీటీలో ఒక పేరుతోనే వెతికితే సగం సినిమాలు కనపడవు. రెండు పేర్లతోనూ వెతకండి.

ఇంకొకటి. ఎవర్ని అడిగినా ముందు ‘మూన్‌రేకర్’ పేరే చెబుతారు, ఎక్కువమందికి తెలిసింది అదే కాబట్టి. నేనైతే అది మొదట వద్దంటాను. అందులో ఆయన బాగా చెయ్యలేదని కాదు. ఆ సినిమా రాకెట్లు, అంతరిక్షంలో లేజర్ తుపాకులు, ఇనుప పళ్ళ రాక్షసుడితో నిండిపోయి ఉంటుంది. ఈయనలో ఉన్న గొప్పతనం ఆ గోలలో వినపడదు. లాన్స్‌డేల్ దగ్గర ఉన్నది నిదానం. గొంతు పెంచడు, చేతులు ఊపడు, ఎదుటివాడు మాట్లాడుతుంటే నిజంగా వింటాడు. ఆ నిదానాన్నే ఒక దర్శకుడు పోలీసు ఓర్పుగా వాడుకుంటాడు, ఇంకొకడు క్రూరత్వంగా, మరొకడు భక్తిగా. ఆ తేడా మీకు కనపడాలంటే మొదటి సినిమా సరిగ్గా ఎంచుకోవాలి.

మొదటి ఓటు పోలీసుకే

నా సలహా 1973 నాటి ‘ది డే ఆఫ్ ది జాకాల్’. దర్శకుడు ఫ్రెడ్ జిన్నెమన్. వెతికేటప్పుడు ఏడాది చూసుకోండి. 1997లో బ్రూస్ విల్లిస్, రిచర్డ్ గేర్‌లతో వచ్చింది వేరు, 2024లో ఎడ్డీ రెడ్‌మెయిన్ చేసిన సిరీస్ వేరు. ఆ రెండింట్లో మన మనిషి లేడు.

కథ 1963లో నడుస్తుంది. అల్జీరియాకు స్వాతంత్ర్యం ఇచ్చినందుకు ఫ్రాన్స్ అధ్యక్షుడు డి గాల్ మీద పగబట్టిన ఓఏఎస్ అనే రహస్య సంస్థ ఒక కిరాయి హంతకుణ్ణి పెట్టుకుంటుంది. వాడి పేరు ఎవరికీ తెలియదు, మొహం తెలియదు. ఆ హంతకుడిగా ఎడ్వర్డ్ ఫాక్స్ సన్నగా, తెల్లగా, మంచి సూటు వేసుకుని కనిపిస్తాడు. వాణ్ణి పట్టుకోవాల్సిన డిటెక్టివ్ క్లోద్ లెబెల్‌గా లాన్స్‌డేల్. నలిగిన కోటు, మీసాలు, నిద్ర చాలని కళ్ళు. సినిమా దాదాపు సగం అయ్యేదాకా ఆయన తెర మీదికే రాడు. అప్పటిదాకా మీరు హంతకుడి పనితనానికి మురిసిపోతూ ఉంటారు. లెబెల్ వచ్చాక మీకు తెలియకుండానే పక్షం మారుతుంది. అంత మార్పు ఒక్క డైలాగు గట్టిగా చెప్పకుండా తెస్తాడాయన.

ఒక సీన్ గురించి చెప్పాలి. మంత్రి, పోలీసు పెద్దలు, సైన్యాధికారులు ఒక పొడవాటి బల్ల చుట్టూ కూర్చుంటారు. లెబెల్ వాళ్ళకు పని ఎంతవరకు వచ్చిందో చెప్పుకోవాలి. తను అందరికంటే చిన్న ఉద్యోగి. ఆ బల్ల దగ్గర ఆయన కూర్చునే తీరులోనే అది తెలుస్తుంది. ఓ రోజు టేప్ రికార్డర్ తెచ్చి ఒక ఫోన్ సంభాషణ వినిపిస్తాడు. అక్కడున్న ఒక పెద్దాయన ఇంట్లోంచే రహస్యాలు బయటికి పోతున్నాయని అందులో తేలిపోతుంది. ఆ పెద్దమనిషి లేచి, క్షమాపణ చెప్పి వెళ్ళిపోతాడు. ఫలానా ఆయన ఫోనే వినాలని నీకెలా తెలిసిందని మంత్రి అడిగితే, తెలియదు కాబట్టి అందరివీ విన్నానంటాడు లెబెల్. అంటే అడుగుతున్న మంత్రిదీ, చుట్టూ కూర్చున్నవాళ్ళందరివీ కూడా. ఇక్కడ ఇంకెవరైనా అయితే చిన్న నవ్వో, కనుబొమ్మ ఎగరేయడమో చేసేవాళ్ళు. లాన్స్‌డేల్ ఏమీ చెయ్యడు. కాగితాలు సర్దుకుని పోతాడు. అలిసిపోయిన గుమాస్తా లెక్క అప్పజెప్పినట్టు ఉంటుంది. ఆ సీన్ చూశాక మీకు ఈ నటుడు నచ్చకపోతే, మిగతా సలహా చదవడం మానేయొచ్చు.

ఈ పాత్రకు బ్రిటన్ సినిమా అవార్డులైన బాఫ్టాల్లో సహాయనటుడి నామినేషన్ వచ్చింది. సినిమా నిడివి రెండు గంటల ఇరవై నిమిషాల పైన. ఇంగ్లీష్‌లోనే ఉంటుంది కాబట్టి సబ్‌టైటిల్స్ టెన్షన్ లేదు. ఒకటి రెండు సీన్లు పిల్లల్ని పక్కన పెట్టుకుని చూసేవి కావు.

ప్రశ్నలడిగే బల్లకు అవతల

లెబెల్ నచ్చితే వెంటనే ‘స్మైలీస్ పీపుల్’ చూడమంటాను. 1982లో బీబీసీ తీసిన ఆరు భాగాల సిరీస్, జాన్ ల కారే గూఢచారి నవల ఆధారంగా. ముఖ్యపాత్ర, బ్రిటిష్ గూఢచారి స్మైలీగా అలెక్ గినెస్. లాన్స్‌డేల్ ఇందులో గ్రిగోరియెవ్, స్విట్జర్లాండ్‌లోని బెర్న్‌లో సోవియట్ ఎంబసీ ఉద్యోగి. జాకాల్‌లో ప్రశ్నలడిగిన మనిషి ఇందులో ప్రశ్నలకు చిక్కుతాడు. నటుడిగా ఆయన ఎంత దూరం వెళ్ళగలడో తెలుసుకోవడానికి ఈ రెండూ ఒకదాని వెనక ఒకటి చూడటం కంటే మంచి దారి నాకు తెలియదు.

గ్రిగోరియెవ్ చెడ్డవాడు కాదు. భార్య అంటే భయం, పైఅధికారులంటే ఇంకా భయం, మధ్యలో ఒక చిన్న వ్యవహారం. స్మైలీ మనుషులు ఆయన్ని వీధిలోంచి ఎత్తుకొచ్చి ఒక గదిలో కూర్చోబెడతారు. గినెస్ ఫైలు ముందు పెట్టుకుని, ప్రభుత్వాఫీసులో దరఖాస్తు పరిశీలిస్తున్న అధికారిలా మాట్లాడతాడు. కొట్టడం, తిట్టడం ఏమీ ఉండదు. మొదట గ్రిగోరియెవ్ కోప్పడతాడు, దౌత్యవేత్తనని హక్కులు గుర్తుచేస్తాడు. ఆ కోపం నిలవదు. కాసేపటికి భుజాలు దిగుతాయి. ఇంకాసేపటికి తనకు జరిగిన అన్యాయాలు తనే ఏకరువు పెడతాడు. చివరికి చూస్తే ఆయనకు అసలు చాలా ఏళ్ళుగా ఎవరితోనైనా మాట్లాడాలని ఉందన్నమాట! నవ్వొస్తుంది, జాలేస్తుంది, రెండూ ఒకేసారి. లాన్స్‌డేల్ హాస్యం ఎంత బాగా చెయ్యగలడో ఇక్కడ తెలుస్తుంది, కానీ ఎక్కడా జోకు వెయ్యడు.

ఇబ్బంది ఏమిటంటే ఆయన కనిపించేది సిరీస్ చివర్లో. అక్కడిదాకా నాలుగు గంటలకు పైగా ఓపిక పట్టాలి. అంతకుముందు 1979లో వచ్చిన ‘టింకర్ టేలర్ సోల్జర్ స్పై’ సిరీస్ చూసి ఉంటే స్మైలీ ఎవరో, ఎవరి మీద ఆయన పంతమో అర్థమవుతుంది. చూడకపోయినా నడుస్తుంది, కాకపోతే మొదటి రెండు ఎపిసోడ్లు కాస్త తికమకగా ఉంటాయి. ఒక్క రాత్రిలో ఏదో ఒకటి పూర్తి చేయాలనుకునేవాళ్ళు జాకాల్‌తో ఆగండి. వారం రోజులు రోజుకో గంట పెట్టగలిగేవాళ్ళు దీనికి రండి. పనితనం పరంగా అడిగితే, నా లెక్కలో గ్రిగోరియెవే లెబెల్ కంటే ఒక మెట్టు పైన.

విలన్ కావాలంటే

ఇక ‘మూన్‌రేకర్’, 1979. బ్రిటన్‌లో పన్నుల బాధ భరించలేక బాండ్ సినిమా చిత్రీకరణ చాలావరకు ఫ్రాన్స్ స్టూడియోలకు తరలించారు. డ్రాక్స్ కోటగా చూపించింది పారిస్ దగ్గరి వో-ల-వికోంత్ ప్రాసాదం. ఆయన మొదట కనిపించేటప్పుడు పియానో మీద షోపాన్ సంగీతం వాయిస్తూ ఉంటాడు. పక్కన రెండు పెద్ద కుక్కలు. వాటి ముందు మాంసం ముక్కలు పడేస్తే అవి ముట్టవు, యజమాని చిటికె వేసేదాకా చూస్తూ కూర్చుంటాయి. డ్రాక్స్ మాటలు అతిథి మర్యాదగానే ఉంటాయి, ఆ చిటికె ఒక్కటే అసలు సంగతి చెబుతుంది. తర్వాత అవే కుక్కలు అడవిలో ఒకమ్మాయి వెంట పడతాయి. సినిమా మొత్తంలో నిజంగా భయం వేసేది అక్కడే.

మెల్లగా మాట్లాడే విలన్ మనకు కొత్తేమీ కాదు, రావు గోపాలరావును చూసిన కళ్ళు మనవి. కానీ ఆయనకు మాటల్లో రుచి ఉంటుంది, డైలాగును నంజుకుంటూ చెబుతాడు. లాన్స్‌డేల్ డ్రాక్స్‌కి ఆ రుచి కూడా లేదు. ప్రపంచంలోని మనుషులందర్నీ తుడిచేద్దామన్న పథకాన్ని విసుగ్గా చెబుతాడు. మీకు హుషారైన విలన్ ఇష్టమైతే డ్రాక్స్ చప్పగా అనిపిస్తాడు. చాలామందికి అలాగే అనిపించింది కూడా.

‘మ్యూనిక్’ (2005) పాపా దీనికి పూర్తి విరుగుడు. తెర మీద ఆయన ఉండేది తక్కువసేపే. పల్లెటూళ్ళో పెద్ద ఇల్లు, తోట, పరిగెడుతున్న పిల్లలు, పొయ్యి మీద వంట. ఎరిక్ బానా చేసిన ఇజ్రాయెలీ గూఢచారిని ఇంటికి పిలిచి, అతని చేతులు చూసి కసాయివాడి చేతుల్లా మందంగా ఉన్నాయంటాడు, తనవీ అంతేనంటాడు. ఎంత ప్రేమగా అంటాడంటే అది పొగడ్తో హెచ్చరికో తేల్చుకోలేం. నాజీలతో పోరాడి, ఆ తర్వాత వచ్చిన ప్రభుత్వాలనూ నమ్మక, సమాచారాన్ని సరుకులా అమ్ముకునే స్థితికి వచ్చిన మనిషి. బాగున్నావా నాయనా అని అడుగుతూనే నువ్వు మాలో ఒకడివి కావని తేల్చి చెబుతాడు. నన్నడిగితే డ్రాక్స్ కంటే పదిరెట్లు ప్రమాదకరమైనవాడు ఈ పాపా. ఇంకో విశేషం: ఇందులో ఆయన కొడుకుగా చేసిన మాత్యూ అమాల్రిక్ 2008లో బాండ్ విలన్ అయ్యాడు, ‘మ్యూనిక్’లోనే గూఢచారుల ముఠాలో ఉన్న డేనియల్ క్రెయిగ్ 2006లో బాండ్ అయ్యాడు.

ఎలా ఎంచుకోవాలి? ఇంట్లో పిల్లలున్నారు, ఆదివారం మధ్యాహ్నం, అందరూ కలిసి కూర్చోవాలి అంటే ‘మూన్‌రేకర్’. ఆ కుక్కల సీన్‌లో మాత్రం చిన్నపిల్లల కళ్ళు మూయాల్సి రావచ్చు. ‘మ్యూనిక్’ పిల్లలతో అసలు వద్దు. రెండు ముప్పావు గంటల సినిమా, రక్తపాతం ఎక్కువ, చూశాక మనసు బరువెక్కుతుంది. పాపా కోసమే అయితే అంత పెట్టుబడి ఎక్కువేమో. సినిమా కోసం చూడండి, పాపా కొసరు.

‘రోనిన్’ (1998) కూడా కొసరు బాపతే. కార్ల ఛేజింగ్‌ల కోసం చూసే సినిమా అది. మధ్యలో డి నీరో అద్దంలో చూసుకుంటూ తన ఒంట్లోంచి తూటా ఎలా తియ్యాలో పక్కవాళ్ళకు చెప్పే సీన్, ఆ తర్వాత లాన్స్‌డేల్ చిన్న చిన్న సమురాయ్ బొమ్మలతో కథ చెప్పే సీన్. అంతసేపూ సినిమా ఊపిరి తీసుకుంటుంది, మళ్ళీ కార్లు మొదలవుతాయి.

ఇద్దరు సన్యాసులు

ఫ్రాన్స్‌లో ఆయన్ని ఎక్కువమంది ప్రేమతో తలుచుకునేది 2010 నాటి ‘ఆఫ్ గాడ్స్ అండ్ మెన్’ వల్ల. దర్శకుడు జావియే బోవ్వా. అల్జీరియాలో టిబిరిన్ అనే ఊళ్ళో ఫ్రెంచ్ క్రైస్తవ సన్యాసుల మఠం ఉండేది. 1996లో అంతర్యుద్ధం నడుస్తుండగా వాళ్ళలో ఏడుగురిని ఎత్తుకుపోయి చంపేశారు. వాళ్ళు వెళ్ళిపోవచ్చు, అందరూ వెళ్ళిపొమ్మన్నారు, అయినా ఉండిపోయారు. సినిమా ఆ నిర్ణయం చుట్టూ తిరుగుతుంది. కాన్ చిత్రోత్సవంలో గ్రాండ్ ప్రీ బహుమతి వచ్చింది. ఫ్రాన్స్ సినిమా అవార్డులైన సెజార్లలో 2011లో ఉత్తమ చిత్రంతో పాటు లాన్స్‌డేల్‌కి ఉత్తమ సహాయనటుడి అవార్డు వచ్చింది. అంత పెద్ద అవార్డు ఆయన చేతికి రావడానికి దాదాపు ఎనభై ఏళ్ళు వచ్చేదాకా ఆగాల్సి వచ్చిందంటే వాళ్ళ లెక్కలూ మనలాగే ఉన్నాయన్నమాట.

ఆయన పాత్ర బ్రదర్ లూక్, డాక్టరు. చుట్టుపక్కల ముస్లిం పల్లెల వాళ్ళంతా వైద్యానికి మఠానికే వస్తారు. మందుతో పాటు చెప్పులూ ఇస్తాడు. ఉబ్బసం, వయసు, నడకలో ఆయాసం. ఒక మధ్యాహ్నం ఊరి అమ్మాయి ఒకతె ఆయన పక్కన బల్ల మీద కూర్చుని, ప్రేమలో పడ్డామని ఎలా తెలుస్తుందని అడుగుతుంది. ఇంట్లో వాళ్ళు చూసిన సంబంధం ఆమెకు ఇష్టం లేదు. సన్యాసిని అడగాల్సిన ప్రశ్నేనా అది? ఆయన సిగ్గుపడకుండా, పాఠం చెప్పకుండా, గుండె ఎలా కొట్టుకుంటుందో, లోపల ఏదో ఎలా ప్రాణం పోసుకుంటుందో చెబుతాడు. మీరెప్పుడైనా ప్రేమించారా అంటే చాలాసార్లు అంటాడు. తర్వాత అంతకంటే పెద్ద ప్రేమ ఒకటి వచ్చిందని, దాని వెంట వెళ్ళానని అంటాడు. ఇద్దరూ ఎండలో కూర్చుని మాట్లాడుకుంటారు, అంతే సీను. లాన్స్‌డేల్ నిజజీవితంలో కూడా గాఢమైన క్యాథలిక్ విశ్వాసి, యవ్వనంలో తనంతట తాను బాప్తిస్మం తీసుకున్నవాడు. ఆ మాటలు ఆయన నోట్లో అంత సహజంగా ఉండడానికి అదొక కారణం అనుకుంటాను.

ఇంకో సీన్ కోసం ఈ సినిమా చూడాలి. ఒక రాత్రి భోజనాల దగ్గర లూక్ రెండు వైన్ సీసాలు తెచ్చి బల్ల మీద పెట్టి, క్యాసెట్ ప్లేయర్ నొక్కుతాడు. ‘స్వాన్ లేక్’ సంగీతం మొదలవుతుంది. ఎవరూ మాట్లాడరు. కెమెరా ఒక్కో మొహం మీదికి వెళ్తుంది. నవ్వులు, ఆ తర్వాత కన్నీళ్ళు. కొంతమంది ఈ సీన్ మరీ సాగదీశారంటారు. నాకు సాగినట్టు అనిపించలేదు, కానీ స్పీడు సినిమాలకు అలవాటుపడ్డ కంటికి పరీక్షే.

దీనికి పోటీగా ఉన్న సన్యాసి ‘ది నేమ్ ఆఫ్ ది రోజ్’ (1986) మఠాధిపతి. 1327లో ఇటలీ కొండల్లోని మఠంలో వరసగా హత్యలు, దర్యాప్తుకు షాన్ కానరీ. లాన్స్‌డేల్ ఇక్కడ మఠం పరువు పోకుండా చూసుకునే పెద్దమనిషి. బాగానే చేశాడు, కానీ పాత్రలో పెద్దగా చెయ్యడానికి ఏమీ లేదు. మర్డర్ మిస్టరీ ఇష్టమైతే చూడండి, లాన్స్‌డేల్ కోసం అయితే లూక్ దగ్గరికే వెళ్ళండి. ఒక హెచ్చరిక: ‘ఆఫ్ గాడ్స్ అండ్ మెన్’ మొత్తం నెమ్మదిగా, ప్రార్థనల మధ్య నడిచినా, మధ్యలో పరదేశీ కూలీల గొంతులు కోసే సీన్ ఒకటి హఠాత్తుగా వస్తుంది.

చిన్న పాత్రలు చాలంటే

చిన్న పాత్రలో ఆయన పనితనం చూడాలంటే ‘ది రిమెయిన్స్ ఆఫ్ ది డే’ (1993). నిర్మాతల్లో ఒకరు బొంబాయిలో పుట్టిన ఇస్మాయిల్ మర్చంట్, దర్శకుడు జేమ్స్ ఐవరీ. రెండు యుద్ధాల మధ్య కాలం, ఒక ఇంగ్లీష్ ప్రభువు భవనంలో దేశాల ప్రతినిధుల సమావేశం. ఫ్రాన్స్ ప్రతినిధి ద్యుపోన్‌గా లాన్స్‌డేల్. యూరప్ భవిష్యత్తు తేల్చాల్సిన మనిషికి ఆ రోజంతా ఉన్న ఒకే బాధ కాళ్ళ నొప్పి. బూట్లు కరిచి, వేడినీళ్ళ బేసిన్ తెమ్మని ఆ ఇంటి బట్లర్‌గా చేసిన ఆంథొనీ హాప్కిన్స్‌ని వేధిస్తుంటాడు. అదే సమయంలో పైఅంతస్తులో హాప్కిన్స్ తండ్రి చనిపోతాడు. డాక్టరు వస్తే, హాప్కిన్స్ ఆయన్ని ఈ ద్యుపోన్ గారి కాళ్ళు కూడా చూడమంటాడు. అంత దారుణమైన సందర్భంలో ఇరుక్కుని, తనకేమీ తెలియకుండా కాళ్ళు పట్టుకుని కూర్చున్న మనిషిని విలన్ చేయకుండా, జోకర్ చేయకుండా చూపించడం తేలిక కాదు.

ఫ్రాన్స్వా త్రుఫో ‘స్టోలెన్ కిసెస్’ (1968) ఇంకా సరదాగా ఉంటుంది. చెప్పుల షాపు యజమాని తబార్, డిటెక్టివ్ ఏజెన్సీకి వెళ్ళి తన సమస్య చెబుతాడు: నన్ను ఎవరూ ఇష్టపడటం లేదు, ఎందుకో కనుక్కోండి, డబ్బిస్తాను! గంభీరంగా, ఆదాయపన్ను సంగతి మాట్లాడుతున్నంత సీరియస్‌గా అడుగుతాడు. ఆ అడిగే తీరు చూస్తేనే ఎందుకు ఇష్టపడటం లేదో మనకు అర్థమైపోతుంది. ఫ్రెంచ్ సినిమాలు ఇంతవరకు చూడనివాళ్ళకు ఇది మంచి ప్రవేశం, గంటన్నరలో అయిపోతుంది. తబార్ భార్యగా డెల్ఫిన్ సేరిగ్ చేసింది. ఆమే జాకాల్‌లోనూ ఉంటుంది, కింద చెప్పబోయే ‘ఇండియా సాంగ్’లోనూ ఉంటుంది.

ఆఖరికి పెట్టుకోవాల్సినవి

‘ఇండియా సాంగ్’ (1975) పేరు చూసి మన దేశం కనిపిస్తుందని ఆశపడకండి. కథ 1930ల కలకత్తాలోని ఫ్రెంచ్ ఎంబసీలో నడుస్తుంది, తీసింది మాత్రం అంతా ఫ్రాన్స్‌లోనే. రచయిత్రి, దర్శకురాలు మార్గరీత్ డ్యురాస్. తెర మీద ఎవరి పెదవులూ కదలవు. గొంతులన్నీ బయటినుంచి వినపడతాయి. లాన్స్‌డేల్ ఇందులో లాహోర్‌లో ఫ్రెంచ్ వైస్ కాన్సల్. అక్కడి షాలిమార్ తోటలో కుష్ఠురోగుల మీద తుపాకీ పేల్చి పదవికి దూరమైనవాడు. రాయబారి భార్యగా సేరిగ్. ఆమె మీద పిచ్చి ప్రేమ. విందులో తిరస్కారం ఎదురయ్యాక ఆమె పేరు పట్టుకుని అరుస్తాడు, ఆ అరుపులు రాత్రంతా వీధుల్లోంచి వినపడుతూనే ఉంటాయి. జీవితమంతా గొంతు పెంచకుండా నటించిన మనిషి ఇక్కడ అరుస్తాడు, పైగా ఆ అరుపు తెర మీద కాక బయటినుంచి వస్తుంది. ఆయన నిదానం అలవాటయ్యాక చూస్తే ఒళ్ళు జలదరిస్తుంది. మొదటి సినిమాగా చూస్తే పావుగంటలో ఫోన్ తీస్తారు, తప్పు మీది కాదు. ఇందులో ఉన్న కలకత్తా యూరోపియన్ల ఊహలోది. ఉక్కపోత, కుష్ఠురోగం, బిచ్చగత్తె పాట తప్ప ఊరు లేదు. ఆ చిరాకు నాకూ ఉంది, దాన్ని పక్కన పెట్టి చూడగలిగితేనే చూడండి.

జాక్ రివెట్ తీసిన ‘ఔట్ 1’ (1971) గురించి సినిమా పిచ్చి ఉన్న మిత్రులు తప్పకుండా చెబుతారు. దాదాపు పదమూడు గంటలు. ఎనిమిది భాగాలుగా టీవీ కోసం తీస్తే, ఫ్రెంచ్ టీవీ వద్దంది. లాన్స్‌డేల్ గ్రీకు నాటకం రిహార్సల్ చేయించే నాటక బృందం పెద్దగా చేశాడు. ఆ రిహార్సల్స్ నిజంగా రిహార్సల్స్ అంత పొడుగ్గా ఉంటాయి. మీరు నాటకాలాడినవాళ్ళో, ఆడించినవాళ్ళో అయితే వాటిలో మునిగిపోతారు. కానివాళ్ళకు నేను సిఫార్సు చెయ్యను.

ఏది చూసినా ఒక్క నియమం: డబ్బింగ్ వద్దు. హిందీలోనో మరో భాషలోనో డబ్ చేసింది దొరికినా సబ్‌టైటిల్స్ పెట్టుకుని అసలు గొంతు వినండి. గొంతు తీసేస్తే ఈయనలో సగం పోతుంది. ఫ్రెంచ్ రానివాళ్ళకు కూడా ‘స్టోలెన్ కిసెస్’లో ఆ గొంతు ఎంత మెత్తగా కోస్తుందో తెలిసిపోతుంది.

చేతిలో శని, ఆదివారాలు ఉంటే శనివారం రాత్రి ‘జాకాల్’, ఆదివారం ‘ఆఫ్ గాడ్స్ అండ్ మెన్’. అల్జీరియా యుద్ధం తెచ్చిన పగతో మొదలయ్యే సినిమా ఒకటి, స్వతంత్రమైన అల్జీరియాలో ఉండిపోయిన ఫ్రెంచ్‌వాళ్ళ సినిమా ఇంకొకటి. రెండింటికీ మధ్య ఈ మనిషి వయసు ముప్పై ఏడేళ్ళు పెరిగింది. ఆ రెండూ నచ్చితే తర్వాతి వారానికి గ్రిగోరియెవ్ ఉన్నాడు.